ఏడో నంబరు సీటు

చిరంజీవి తమ్ముడికి,

అక్క దీవించి రాస్తున్నది. ఇక్కడ మీ బావ మోకాలూ, నా నిద్రా తప్ప మిగతా అంతా క్షేమం. నువ్వూ, మీ ఆవిడా, పిల్లలూ కులాసాగా ఉన్నారని తలుస్తాను.

నీ ఉత్తరం వచ్చి పదకొండు రోజులైంది. వచ్చిన రోజే జవాబు రాసే అక్కకి ఏమైందోనని కంగారుపడుతూ ఉంటావు. నాలుగుసార్లు మొదలుపెట్టి చించేశాను. ఇది మాత్రం చించకుండా మీ బావ చేతికిచ్చి పోస్టు డబ్బాలో వేయించేస్తాను. ఆయన అడ్రసు తప్ప ఏమీ చదవడు. పెళ్ళైన కొత్తలో నేను రాసిన ఉత్తరాలే సగం చదవలేదు మహానుభావుడు.

నువ్వడిగినవాటిలో తేలికవి ముందు చెబుతాను. కళ్ళు చూపించుకున్నాను, అద్దాలు మార్చారు. మీ పెద్దాడి లెక్కల గురించి బెంగపెట్టుకోకు. నీకు పదమూడో ఎక్కం నేర్పలేక అమ్మ చేత నేను తిట్లు తిన్నాను, అయినా ఇవాళ నువ్వు బళ్ళో అంతమందికి చరిత్ర చెప్పడం లేదూ? వాడూ వాడి దారి చూసుకుంటాడు.

ఇక అసలు సంగతి. టెలిఫోన్ ఎక్స్ఛేంజిలో ఏడో నంబరు ఆపరేటరుకి పతకం ఇస్తున్నారని పత్రికలో చదివానన్నావు. "అక్కా, నువ్వు ఆవిడ పక్కనే కదా పనిచేశావు, ఎలాంటి మనిషి? ఆ రోజు మైదానంలో నిలబడ్డ నాకు ఈ ప్రాణం ఆవిడ పెట్టిన భిక్ష. పిల్లల్ని తీసుకొచ్చి ఆవిడ కాళ్ళకి దండం పెట్టిస్తాను" అని రాశావు. నాలుగుసార్లు చించింది ఆ ముక్కకి జవాబు రాయలేకే.

లైన్లో మా పేర్లు చెప్పకూడదని రూలు. అలవాటైపోయి మాలో మేమూ నంబర్లతోనే పిలుచుకునేవాళ్ళం. నేను ఆరు, ఆవిడ ఏడు. తలనొప్పి మాత్రల నుంచి అత్తగార్ల మీద చాడీల దాకా మా ఇద్దరికీ అన్నీ ఉమ్మడే. సర్కారు పెద్ద ఆఫీసు లైను ఏడో సీటుకి వచ్చేది. ఆ సీటు పక్కనే కిటికీ ఉంది, అందులోంచి చూస్తే మైదానం ఒక మూల కనిపిస్తుంది.

ఆ పొద్దున నువ్వు అమ్మకి లైబ్రరీ అని చెప్పి, నాకు మాత్రం మైదానంలో సభకని నిజం చెప్పి వెళ్ళావు. నాకూ అబద్ధం చెప్పి ఉంటే బాగుండేదిరా. మధ్యాహ్నానికి మైదానం చుట్టూ సైన్యం దిగిందని తెలిసి నేను సీట్లో కుదురుగా కూర్చోలేకపోయాను. "ఇవాళొక్కరోజు నీ సీటు నాకివ్వవే" అని బతిమాలాను. "నువ్వు చూస్తూ కూర్చుంటే మీవాడు ఇంటికొచ్చేస్తాడా" అని విసుక్కుంటూనే లేచి ఆరులో కూర్చుంది.

మూడున్నరకి పెద్ద ఆఫీసు నుంచి మైదానంలో ఉన్న కమాండరుకి కాల్ వచ్చింది. ప్లగ్గు గుచ్చి లైను కలిపాను. కలిపాక వినకూడదు, విన్నాను. "కాల్చండి" అన్నాడు పెద్ద ఆఫీసాయన. "సార్, సరిగ్గా వినపడలేదు, మళ్ళీ చెప్పండి" అన్నాడు కమాండరు. నేను ప్లగ్గు పీకేశాను.

దేశమూ ప్రజలూ ఏమీ తోచలేదు తమ్ముడూ, నువ్వు వేసుకెళ్ళిన నీలం గళ్ళ చొక్కా తప్ప. కంగారులో పక్క ప్లగ్గు కూడా ఊడొచ్చింది. అది ఎవరో పళ్ళ డాక్టరు గారిది, పాపం. తర్వాత నలభై నిమిషాలు ఆ లైను కలవనివ్వలేదు. కమాండరు తిరిగి ఫోన్ చేసి అడగనూ లేదు. ఆయన కరుణ వల్ల అడగలేదని నువ్వు పాఠం చెబుతావు, ఆయన విగ్రహం కూడా పెట్టారు. కరుణ ఉందో లేదో నాకు తెలియదు, నేను విన్న గొంతు మాత్రం వణికింది. ఆలోగా మీరంతా మైదానం వదిలి వంతెన దాటేశారు.

సాయంత్రం సైనికులు వచ్చి ఏడో నంబరావిడను తీసుకుపోయారు. ఆ ప్రభుత్వం పడిపోయేదాకా మూడేళ్ళు జైల్లో ఉంది. నేను ఒక్కసారి కూడా చూడటానికి వెళ్ళలేదు. బయటికి వచ్చాక ఎప్పుడైనా ఎదురుపడితే రోడ్డు దాటి అవతలికి పోయేదాన్ని. ఇరవై ఆరేళ్ళుగా ఇదే బతుకు. మీ బావకి కూడా తెలియదు.

పోయిన వారం చరిత్ర సంఘం నుంచి ఫైలు పట్టుకుని ఒకాయన వచ్చాడు. "ఆ షిఫ్టులో మీరిద్దరే మిగిలారమ్మా. ఆవిడ ప్లగ్గు పీకడం కళ్ళారా చూశానని సోమవారం పదింటికి వచ్చి ఒక్క సంతకం చెయ్యండి చాలు" అన్నాడు. ఆలోచించి చెబుతానన్నాను. "ఆలోచించడానికేముందమ్మా, చరిత్రే కదా" అన్నాడు.

అప్పట్నుంచీ తలుపు చప్పుడైతే చాలు, వంటింట్లోకి పోయి నిలబడుతున్నాను. సంతకం పెడితే ఈ అబద్ధం నీ పిల్లల పుస్తకాల్లోకి ఎక్కుతుంది. నిజం చెబితే, శిక్ష పడ్డప్పుడు దాక్కున్నది పతకం అనగానే చెయ్యి చాచిందంటారు. ముందు నుయ్యి, వెనక గొయ్యి. చివరికి నిన్న ఆవిడ ఇంటికే వెళ్ళాను.

మేడ మీద బట్టలు ఆరేస్తోంది. నన్ను చూసి ఆశ్చర్యపోలేదు. తడి దుప్పటి రెండో కొస నా చేతికిచ్చి, "పిండు" అంది. పిండాను.

"జైల్లో ఉన్నప్పుడు రాలేదు గానీ, పతకం అనేసరికి వచ్చావే."

"పతకం కోసం కాదు."

"తెలుసులే. నీకంత ధైర్యమెక్కడిది."

నాకు ఏడుపు ఆగలేదు. "నన్ను కాపాడటానికే కదే నువ్వు నోరు విప్పలేదు" అన్నాను. ఆవిడ నవ్వింది.

"నిన్ను కాపాడటానికా? నీ మొహం. భయంతో నాలుక పిడచకట్టుకుపోయింది. నేను నోరు తెరిచేలోగా గోడ మీది సీట్ల చార్టు చూసి నా పేరు రాసేసుకున్నారు. సీట్లు మారామని తర్వాత చెబితే ఎవరు నమ్ముతారు? బయటికొచ్చాక అందరూ దండలేసి త్యాగమన్నారు. కాదనడానికీ భయమేసింది."

దుప్పటి తీగ మీద వేసి, క్లిప్పులు పెట్టి, నా వైపు చూడకుండానే అంది. "సోమవారం ఇద్దరం వెళ్దాం. ఉన్నదున్నట్టు చెప్పేద్దాం. ఒక్కదాన్నే అయితే మళ్ళీ నా నాలుక తిరగదు."

సరేనన్నాను. పతకం సంగతి అప్పుడే మనవరాలు వీధంతా చాటేసిందట, ఆ పిల్లకి ఎలా చెప్పాలన్నదే ఆవిడ దిగులు. మెట్ల దాకా వచ్చి నన్ను సాగనంపింది.

ఇక్కడితో ఆపేస్తే నీ దగ్గర నాకు కాస్త పరువు మిగిలేది. కానీ చార్టు ఎవరూ చూడలేదు తమ్ముడూ.

ఆ సాయంత్రం మమ్మల్ని పన్నెండుమందినీ లేపి గోడకేసి మొహం పెట్టి నిలబెట్టారు. ఆవిడ నా పక్కనే, కళ్ళు గట్టిగా మూసుకుని ఉంది. ఆఫీసరు నా వెనక నిలబడి, చెవి దగ్గర మెల్లగా అడిగాడు, ఏడులో ఎవరని. ఆయన తుపాకీ నా నడుముకి తగులుతోంది. నేను మాట కూడా పలకలేదు. తల ఆవిడ వైపు తిప్పి చూపించాను, అంతే.

ప్లగ్గు పీకింది నీ కోసమని చెప్పుకోవచ్చు. ఇది మాత్రం నా కోసమే చేశాను. నిన్న అంతసేపూ ఆవిడ ఎదురుగా ఉండి ఈ ఒక్క ముక్క చెప్పలేకపోయాను. సోమవారం అందరి ముందూ, ఆవిడ పక్కన కూర్చుని చెప్పాలి.

పిల్లల్ని తీసుకుని రా, ఆవిడకి దండం పెట్టించు. నా గడప తొక్కాలో వద్దో నీ ఇష్టం. నన్ను తిడుతూ అయినా ఒక ఉత్తరం రాయి. ఏమీ రాయకుండా మాత్రం ఉండకురా, నాకు భయం.

ఇట్లు,
నిన్ను చంకనేసుకుని తిరిగిన
మీ అక్క