ప్రొఫెసర్‌గారి ఆత్మకథకు అటెండర్ సవరణలు

అటెండర్‌కు ఆశీస్సులు.

నువ్వింకా బతికే ఉన్నావని పెన్షన్ ఆఫీసులో చెప్పారు. అందుకే రాస్తున్నాను. నా ఆత్మకథ అచ్చుకు వెళ్తోంది. మందుల పరిశోధనలో ఇరవై ఏళ్లు, వైద్య చరిత్రలో పాతికేళ్లు! ప్రచురణకర్త చాదస్తుడు. ల్యాబ్‌లో నా పక్కన ఉన్నవాళ్లెవరైనా ‘నిజమే’ అని రాసి సంతకం చెయ్యాలట. నా పక్కన ఉన్నది నువ్వూ, కప్పలూ. కప్పలకు సంతకం రాదు కనుక నువ్వు చెయ్యి.

జతచేసిన పేజీల సారాంశం ఇది. గుండెదడకు ఆకుమందు పదోవంతు మోతాదే చాలని మెరుపులాంటి ఆలోచనతో కనిపెట్టాను. ప్రమాదం లేదని తేల్చడానికి ముందు నేనే తాగాను. ఆపైన జ్ఞానదాహంతో వైద్య చరిత్రలో అడుగుపెట్టాను. నువ్వు చదవనక్కర్లేదు.

ఇట్లు,
ప్రొఫెసర్

తా.క. అక్షరదోషాలుంటే అవి టైపిస్టువి. నావి కావు.

*

అయ్యగారికి నమస్కారాలు.

చదవనక్కర్లేదన్నారు గానీ మనసాగక చదివాను. కాస్త గుర్తుచేస్తాను, ఏమీ అనుకోకండి.

ఆరోజు మీరు డైరెక్టర్‌గారితో పోట్లాటకు వెళ్లారు. సీసాలో మందు అడుగంటింది. కొత్తది అడిగితే నన్ను కాల్చుకు తింటారని తొమ్మిది వంతులు నీళ్లు పోసి నింపాను. ఆ నీళ్లమందుకే కప్ప గుండె చక్కగా కుదురుకుంది. మీరొచ్చి, గుండె కొట్టుకోవడాన్ని గీసే డ్రమ్ముమీద గీతలు చూసి, “చూశావుట్రా, నేను ముందే అనుకున్నాను!” అన్నారు. ఏమనుకున్నారో నేనడగలేదు.

ఇక తాగడం సంగతి. టీ గ్లాసు పక్కనే మందు గ్లాసు పెట్టుకున్నారు. “ఇవాళ టీ ఇంత చేదుగా తగలడిందేమిట్రా?” అని మొత్తం తాగేశాకే అడిగారు.

ఇట్లు,
తమ పాత అటెండర్

తా.క. సంతకం పెట్టాను. ‘నిజమే’ అన్న మాట మాత్రం కొట్టేశాను.

*

ఒరేయ్,

ఆశీస్సులు వెనక్కి తీసుకుంటున్నాను. ఇన్నేళ్లుగా వైద్య విద్యార్థులు బట్టీపడుతున్న నా మోతాదు నువ్వు పోసిన కుళాయి నీళ్లా? ఆధారం లేని మాటను చరిత్ర అనరు, పుకారంటారు. నా మూడో పుస్తకంలో మొదటి వాక్యమే అది. నీ దగ్గర ఆధారమేముంది, చీపురా? రేపు నేను చరిత్రలోకి జ్ఞానదాహంతో రాలేదని కూడా అంటావు కాబోలు!

ఇట్లు,
ప్రొఫెసర్, వైద్య చరిత్రకారుడు

తా.క. టీకీ మందుకీ తేడా తెలియనివాణ్ణేం కాదు. ఆరోజు జలుబు చేసి రుచి తెలియలేదు, అంతే.

*

అయ్యగారికి నమస్కారాలు.

ఆధారం అడిగారు. ల్యాబ్ రోజువారీ పుస్తకం నా దగ్గరుంది. మీరు చెత్తలో పారెయ్యమన్నారు, నాకు చేతులు రాలేదు. ఆ తేదీన నా రాతలో ‘మందు ఒకటి, నీళ్లు తొమ్మిది’ అని ఉంది. కింద మీ సంతకం, అడ్డంగా, హడావిడిగా.

చరిత్ర సంగతి నేనెత్తలేదు, మీరే ఎత్తారు. గ్లాసులు రెండోసారి తారుమారై డైరెక్టర్‌గారే ఆ చేదు తాగారు. మర్నాడు మిమ్మల్ని లైబ్రరీలో కూర్చోబెట్టారు. ఊరికే కూర్చోలేక పాత పుస్తకాలు తిరగేశారు. కానీ అయ్యగారూ, మీరు బాగుపడింది అక్కడే. క్లాసులో పాత వైద్యుల గొప్పలు ఒక్కొక్కటే ఉత్తవని మీరు తేల్చిపారేస్తుంటే పిల్లలు గుమ్మాల్లో నిలబడి వినేవారు. తుడిచిన గదినే మళ్లీ తుడుస్తూ నేనూ విన్నాను. అది ఒక్క ముక్కా రాయలేదేం?

ఇట్లు,
తమ పాత అటెండర్

తా.క. చీపురు కూడా ఉంది. పంపమంటే పంపుతాను.

*

ఒరేయ్ దౌర్భాగ్యుడా,

నీ రాత నాకిక చూపించకు. ఏం వాగాలన్నా ప్రచురణకర్తకే రాసుకో. చదివి నవ్వుకుంటాడు. విలాసం కవరు వెనక ఉంది.

ప్రొఫెసర్

*

అయ్యగారికి నమస్కారాలు.

తమరు చెప్పినట్టే ప్రచురణకర్తగారికి రాశాను. మీ ఉత్తరాలూ, నావాటి నకళ్లూ, రోజువారీ పుస్తకంతో సహా పంపాను. మీరన్నట్టే ఆయన నవ్వారట, భోజనానికి పిలిచినా లేవకుండా. మీ ఆత్మకథ ఆపేసి, నేను పంపినవే పుస్తకంగా వేస్తారట. ఆధారాలున్నాయి కనుక వైద్య చరిత్ర కిందే వేస్తారట. ఆ రంగంలో పెద్దవాళ్లెవరైనా ముందుమాట రాస్తే నిండుగా ఉంటుందన్నారు. నాకు తెలిసిన వైద్య చరిత్రకారులు తమరొక్కరే. రెండు పేజీలు దయచేయించండి.

ఇట్లు,
గ్రంథకర్త

తా.క. మీ ఉత్తరాల్లో తిట్లు తీసెయ్యమని ఆయన్ని బతిమాలాను. ససేమిరా అన్నారు. ఇన్నేళ్లలో మీరు మీ గురించి రాసుకున్నదాంట్లో కల్తీ లేనివి అవేనట.