నల్లగుడ్డ పక్కన

ఫిబ్రవరి 3, బుడాపెస్ట్

నా పాత సినిమాలన్నీ శుభ్రం చేసి కంప్యూటర్లోకి ఎక్కిస్తున్నారు. కెమెరా పట్టినవాణ్ణి ఇంకా బతికే ఉన్నాను గనుక వెలుగు సరిగా ఉందో లేదో చూడమని ల్యాబుకు పిలిచారు. బొగ్లార్క అనే పిల్ల మీటలు నొక్కుతుంది. ముసలాణ్ణి గదా, బాచీ అంటుంది. ఎర్నో బాచీ, ముందు కాఫీయా కళ్లజోడా అంది. రెండూ ఇమ్మన్నాను.

ఫిబ్రవరి 5

తెరమీద హీరోయిన్. నాకు మాత్రం ఎటెల్క కావాలి. హీరోయిన్ మేకప్‌లో ఉన్నంతసేపూ ఆమె బదులు నిలబడేది ఎటెల్కే. లైట్లన్నీ ఆమె మొహం మీదే సరిచేసుకునేవాణ్ణి. అంతా కుదిరాక ఆమె పక్కకి తప్పుకునేది, హీరోయిన్ వచ్చి నిలబడేది. నాకు అవార్డులు తెచ్చిన వెలుగంతా ఎటెల్క చెంపల మీద నేర్చుకున్నదే. ఒక్క ఫ్రేములోనూ ఆమె లేదు.

ప్రేమించాను. కాదంటుందేమోనని చెప్పలేదు. సెగెడ్ ఊరి పోస్టుమాస్టర్ని చేసుకుని వెళ్లిపోయింది. ఆమెకి నామీద ఏమైనా ఉండేదా అన్నది ఇప్పటికీ తెలియదు.

ఫిబ్రవరి 6

నడుంనొప్పి. వెళ్లలేదు.

ఫిబ్రవరి 9

ట్రామ్ సీను. కిటికీ పక్కన హీరోయిన్ ఏడుస్తుంది. అద్దంలో కెమెరా కనబడకూడదని దానిమీదా నామీదా నల్లగుడ్డ కప్పించుకుని తీశాను. ఇవాళ బొగ్లార్క ఆ షాట్ ఆపి, బాచీ, అద్దంలో ఎవరో ఆడమనిషి ఉంది, పాత ప్రింట్లలో చీకట్లో కలిసిపోయినట్టుంది, తుడిచెయ్యనా అంది.

ఎటెల్క!

అంత ఏడుపు సీనులో ఎవరైనా హీరోయిన్నే చూస్తారు. ఎటెల్క చూడటంలేదు. పక్కనున్న నల్లగుడ్డకేసి చూస్తోంది. గుడ్డ కింద ఉన్నది నేను. మళ్లీ మళ్లీ వేయించుకుని చూశాను. మొహాలు చదవడమే నా బతుకు. ఆ చూపు మాత్రం నాకు అందకుండా పోయింది.

తుడవొద్దన్నాను. అందరూ మీ పొరపాటనుకుంటారు బాచీ అంది. అనుకోనీ అన్నాను.

ఫిబ్రవరి 10

సెగెడ్‌లో ఎటెల్కకి ఫోన్ చేశాను. పోస్టుమాస్టరు పోయి చాన్నాళ్లైందట. అద్దం సంగతి చెప్పాను. నవ్వింది. ఓరి మొద్దూ, ఒక్కసారి ఆ గుడ్డ తీసి పక్కకి చూసుంటే నీ సొమ్మేం పోయేదిరా అంది. నాకు ఏడుపొచ్చింది. ఆమెకీ వచ్చినట్టుంది, ఉండు, పొయ్యి మీద కూర మాడుతోంది అంది. పెట్టేసే ముందు, వచ్చేవాడివైతే చేపల పులుసు చేస్తా, రానివాడివైతే ఇప్పుడే చెప్పు అంది.

ఫిబ్రవరి 12, సెగెడ్ స్టేషన్

ఎదురెండ. షాట్‌కి పనికిరాదు. ప్లాట్‌ఫాం చివర ఆమె. కెమెరాలోంచి చూసే అలవాటుకొద్దీ ఒక కన్ను మూయబోయాను.

మూయలేదు.