ఎడమ మడమ

మార్చి 3
ఇవాళ కోడింగ్‌కు నలభై రెండు పేషెంట్ చార్టులు. అన్నీ గుచ్చుకున్న గాయాలే. మేకులు, గాజు ముక్కలు, ఒక చేపల గాలం. గుచ్చుకున్నది లోపల ఉండిపోయిందా, బయటికి వచ్చేసిందా అన్నది డాక్టరు రాయాలి. అది చదివి, హాస్పిటల్ బిల్లు కోసం గాయానికి కోడ్ వేయడం మా పని. లోపల ఏమీ లేదంటే కోడ్‌లో ఐదో స్థానంలో మూడు, ఉందంటే నాలుగు. మేం ఊహించకూడదు. చార్టులో లేనిది లేనట్టే.

మార్చి 4, ఉదయం 11
ముప్ఫై ఒకటో చార్టు చెల్లిది. పేరు, పుట్టిన తేదీ రెండూ సరిపోయాయి.
నాలుగు నెలలుగా ఎడమ మడమలో నొప్పి. చిన్నప్పుడు కుట్టుసూది గుచ్చుకుందని, అక్క మొత్తం లాగేసిందని పేషెంట్ చెప్పినట్టు డాక్టరు రాశాడు. ఒంట్లో లోహం లేదనీ రాశాడు. పన్నెండో తేదీన ఎంఆర్ఐ.
మొత్తం లాగలేదు.

సాయంత్రం
అప్పుడు నాకు పదకొండు, దానికి ఏడు. బొమ్మకు గౌను కుడుతూ సూదిని నేల మీద వదిలేసింది నేనే. చెల్లి తొక్కింది. లాగాక చూస్తే సూదికి మొన లేదు. అమ్మ తిడుతుందని కిటికీలోంచి విసిరేసి, మొత్తం వచ్చేసిందే అన్నాను. చెల్లి నమ్మింది. అప్పట్లో నేనేం చెప్పినా నమ్మేది. వారం రోజులు కుంటితే ఉప్పుమూట ఎక్కించుకుని స్కూలుకు తీసుకెళ్ళాను.
అమ్మ పోయిన రోజు నేను ఆలస్యంగా చేరాను. అప్పటి నుంచి మాటల్లేవు. ఆరేళ్ళు. నా నంబరు బ్లాక్ చేసింది. ఎక్కడుంటోందో కూడా తెలియదు. అడ్రసు చార్టు మొదటి పేజీలో ఉంటుంది. ఆ పేజీ తెరవలేదు.

మార్చి 5
సొంతవాళ్ళ చార్టు మేం ముట్టుకోకూడదు. టీమ్ లీడ్‌కు చెప్పాను. ఆ చార్టును పక్క సీటు పెద్దాయనకు మార్చేశాడు. ఆయన రెండు నిమిషాల్లో మూడు వేశాడు. తప్పేమీ కాదు. చార్టు అదే చెబుతోంది.
సూది సంగతి కూడా చెప్పాను. అమ్మా తల్లీ, మనం కోడర్లం, సాక్షులం కాదు అని నవ్వాడు లీడ్. ఎంఆర్ఐ ఉందన్నాక నవ్వు ఆపేశాడు. ఆ మెషీన్‌లోని అయస్కాంతం ఒంటి లోపలి ఇనుమును కదిలించగలదు. రూల్స్ సంగతి చూసే కంప్లయన్స్ మేడమ్ దగ్గరికి పంపాడు.

మార్చి 6
హాస్పిటల్‌కు కబురు పంపిస్తానంది మేడమ్. ముందు ఎక్స్‌రే తీస్తారట. నీ పేరు లేకుండా కూడా పంపొచ్చు, కానీ గాలి కబురనుకుని పక్కన పడేస్తారేమో అంది. పేరు పెడితే మీ చెల్లికి తెలుస్తుంది, వెళ్ళి టీ తాగి ఆలోచించుకో అంది.
టీ చల్లారిపోయింది. అక్క మొత్తం లాగేసింది. ఆరేళ్ళ మౌనం తర్వాత కూడా డాక్టరు ముందు అది నన్ను అక్క అనే అంది. నా మాట ఇంకా నమ్ముతోంది. దాని దగ్గర నాకు మిగిలింది అదొక్కటే.
పేరు పెట్టమన్నాను.

మార్చి 7
ఫోన్ రాలేదు.

మార్చి 10
రాలేదు. నలభై చార్టులు. మడమ ఒక్కటీ లేదు.

మార్చి 12
దాని చార్టు నాకు లాక్ అయింది. లోపల ఏం రాశారో కనబడదు. పెద్దాయన సీటు వైపు నాలుగైదుసార్లు చూశాను. అడక్కమ్మాయ్, నా నోరు మంచిది కాదు అన్నాడు. మూడింటికి నీళ్ళసీసా నింపుకోవడానికి లేచి, ఇవాళ ఒక పాత కోడ్ సరిదిద్దాను, మూడును నాలుగు చేశాను అని గోడకు చెప్పాడు.
ఎవరిదని అడగలేదు. బాత్‌రూమ్‌లోకి వెళ్ళి కుళాయి తిప్పి నిలబడ్డాను.

మార్చి 13
ఫోన్ రాలేదు.

మార్చి 19
తెలియని నంబరు నుంచి మెసేజ్. మొన తీసి చిన్న సీసాలో వేసిచ్చారట. ఇది నీది, వచ్చి పట్టుకుపో అని రాసింది. కింద అడ్రసు.
మా ఆఫీసు నుంచి రెండు స్టాపులు.