మీ అమ్మ గుండెకు ఏ జబ్బూ లేదు

అమ్మలూ,

నీకూ అల్లుడుగారికీ ఆశీస్సులు. ఇక్కడ నేను కులాసా. ప్రతి ఉత్తరంలోనూ ఇదే రాస్తాను గానీ, ఈసారి ఆలోచించి రాస్తున్నాను. నిజంగానే కులాసా.

నిన్న విచారణ ఆఖరి రోజు. పాత ప్రభుత్వం చేసిన అరెస్టుల మీద వేసిన కమిషన్ మున్సిపల్ హాల్లో నలభై రోజులు కూర్చుంది. మీ అమ్మ పేరు చివరి జాబితాలో వచ్చింది. పదింటికే వెళ్లాను. నా పక్క కుర్చీలో ఒక మిల్లు ఫిట్టరు. అతని తమ్ముడు కూడా ఆ రోజుల్లో మీ అమ్మను ఉంచిన పోలీసు స్టేషన్లోనే పోయాడు. మైకు పెట్టగానే కీచుమంది.

"ఇన్నేళ్లు నోరు మూసుకున్నవాళ్లకి మైకిస్తే అట్లాగే అరుస్తుంది సారూ" అన్నాడు.

గుమాస్తా మరణ ధ్రువపత్రాలు వరసగా చదివాడు. మొత్తం పదకొండు. పదకొండింటిలోనూ కారణం గుండెజబ్బే.

ఫిట్టరు నా చెవి దగ్గరికి వంగాడు. "మావాడు మిల్లు గేటెక్కి అటు దూకేవాడు. వాడికి గుండెజబ్బట! ఆ స్టేషన్లో గుండెలకేదో అంటువ్యాధి వచ్చినట్టుంది."

నవ్వొచ్చింది. బాగుండదని దగ్గాను.

తర్వాత డాక్టరు వచ్చాడు. అప్పట్లో పోస్టుమార్టం చేసినాయన. ఎనభై దాటాయి, చేతికర్ర పట్టుకుని నడుస్తున్నాడు. బయటికిచ్చిన రిపోర్టు వేరు, తన నోటుబుక్కులో రాసి దాచుకున్నది వేరు. మీ అమ్మ పేజీ తీసి చదివాడు. అందులో ఉన్నదంతా ఇక్కడ రాయను. నువ్వు అడిగితే ఎదురుగా కూర్చుని చెప్తాను. "దెబ్బల వల్లే పోయారు" అన్నాడు చివరికి.

కమిషన్‌కు పెద్ద, రిటైరైన జడ్జిగారు. ఆవిడ నా వైపు తిరిగి, "మీరేమైనా అడగాలా?" అన్నారు.

"గుండె సంగతి ఇంకోసారి చెప్పించండి. రాసుకుంటాను. మా అమ్మాయికి కావాలి."

డాక్టరు కళ్లజోడు సర్దుకున్నాడు. "గుండెకు ఏ జబ్బూ లేదండీ. నేనే చేత్తో పట్టుకు చూశాను. ముప్పయ్యేళ్ల మనిషికి ఎట్లా ఉండాలో అట్లాగే ఉంది."

ఉన్నది ఉన్నట్టు రాసుకున్నాను. నీకూ అట్లాగే రాశాను.

ఇక నీ ప్రశ్నలు. వంటింట్లో కారడం ఆగింది, రేకు మార్పించాను. వేళకే తింటున్నాను. ఉప్పు మాత్రం ఇన్నేళ్లయినా నా చేతికి కుదరలేదు, మీ అమ్మ నవ్వేది. నీ అసలు ప్రశ్నకు వస్తాను. మీ డాక్టరుగారు కేసు షీట్లో 'తల్లి ముప్పయ్యో ఏట గుండెజబ్బుతో మృతి' అని రాసుకున్నారనీ, ఐదో నెలలోనే నిన్ను మంచం దిగొద్దంటున్నారనీ, నాలుగు మెట్లెక్కితే నాడి లెక్కపెట్టుకుంటున్నావనీ రాశావు. "అమ్మకు ఎట్లా మొదలైంది నాన్నా? ముందు ఆయాసం వచ్చేదా?" అన్నావు.

ఆయాసం ఎన్నడూ రాలేదు. ప్రెస్సులో సీసం అక్షరాల పెట్టె ఎత్తుకుని రెండంతస్తులు ఎక్కేది. వెనకబడేది నేను. అరెస్టయినవాళ్ల పేర్లు కంపోజ్ చేసి అచ్చేసినందుకు పట్టుకుపోయిన రోజు కూడా, జీపు దాకా వాళ్లకంటే ముందు నడిచింది. పరీక్షలు చేయించుకో, వాళ్లు చెప్పినట్టే నడుచుకో. కానీ ఆ వాక్యం మాత్రం కొట్టేయమను.

ఇక్కడి దాకా రాసి లేచి, రెండుసార్లు గదిలో తిరిగి వచ్చాను.

అమ్మలూ, ఇది నాకు నిన్న తెలిసిన సంగతి కాదు. పాతికేళ్ల కిందటే తెలుసు.

పట్టుకుపోయిన తొమ్మిదో రోజున నన్ను స్టేషనుకు పిలిచారు. మీ అమ్మను చూపించారు. ఒళ్లు చూశాను. తర్వాత బల్ల మీద ఒక కాగితం పెట్టారు. పుట్టుకతోనే గుండెజబ్బు, భర్తకు ముందే తెలుసు, ఎవరి మీదా అనుమానం లేదు అని ఉంది. సంతకం పెడితే ఇంటికి తీసుకుపోవచ్చు. లేకపోతే ఎక్కడ పూడుస్తారో కూడా చెప్పరు. నీకు ఆరేళ్లు. అమ్మ ఏదని రోజూ గుమ్మంలో కూర్చుంటున్నావు. పెట్టాను. చదవకుండా పెట్టానని నాకు నేను చెప్పుకుంటూ వచ్చాను. నేను డ్రాఫ్ట్స్‌మన్ని. ఏ ప్లానూ రెండుసార్లు చూడనిదే సంతకం పెట్టి ఎరగను. దాన్నీ రెండుసార్లు చదివాను.

రెండో సంతకం నీకు పన్నెండేళ్లప్పుడు. ఆటల మాస్టారు ఇంటికొచ్చి, "పిల్ల గాలిలాగా పోతుంది సార్, పోటీలకు పంపండి" అన్నారు. "తల్లి గుండే దీనికీ వచ్చుంటే ఏం గాను రా?" అని నానమ్మ ఏడ్చింది. అసలు మీ అమ్మకే జబ్బు లేదంటే, నీకెట్లా తెలుసంటారు. స్టేషనువాళ్లు అప్పటికీ నెలకోసారి వచ్చి గుమ్మంలో నిలబడి పలకరించి పోతున్నారు. నిన్ను పరుగెత్తించొద్దని బడికి రాసిచ్చాను. నువ్వు కాన్వాసు బూట్లు కడిగి, ఆరబెట్టి, అటకెక్కించావు.

ప్రభుత్వం మారాక కూడా చెప్పలేదు. అప్పటికి భయం పోయింది. మిగిలింది సిగ్గు.

నిన్న జడ్జిగారు, "కాగితం చదివే సంతకం పెట్టారా?" అని అడిగారు. చదివే పెట్టానన్నాను. నీకంటే ముందు వాళ్లకు చెప్పాను, అదొక తప్పు. బయటికొచ్చాక ఫిట్టరు నా మొహం చూసి, "నేనూ పెట్టాను లెండి. టీ తాగుదాం రండి" అన్నాడు. రెండు టీలు తాగాను. చాలా రోజులకు ఆకలి కూడా వేసింది. నీకు కోపం వస్తే రానీ. భయం మాత్రం వదిలెయ్యి.

రేపు పొద్దున పదిన్నరకు రిజిస్ట్రారు ఆఫీసుకు వెళ్తాను. మరణాల రిజిస్టరులో మీ అమ్మ పేరు ఎదుట 'కారణం' అన్న గడిలో ఉన్నది ఎర్రసిరాతో కొట్టేసి, డాక్టరు చెప్పింది పక్కన రాస్తారు. కింద భర్త సంతకం కావాలట. రెండుసార్లు చదివి పెడతాను. నకలు ఒకటి మీ డాక్టరుగారికి రిజిస్టర్డ్ పోస్టు చేసి, ఇంటికొచ్చి, అటక మీంచి నీ బూట్లు దింపి ఎండలో పెడతాను.

ఇట్లు,
జవాబు కోసం తొందరపెట్టని
మీ నాన్న