పసుపు పెయింటుతో రాసిన యుద్ధం

చోడవరం,
ఆదివారం ఉదయం.

చిరంజీవి సంధ్యారాణికి నాన్న ఆశీస్సులు.

ఇక్కడ మీ అమ్మా నేనూ కులాసా. మీ అమ్మ నాకంటే కొంచెం ఎక్కువ కులాసా. నువ్వు క్షేమమని తెలిసిన రోజు నుంచి నాతో మళ్లీ మాట్లాడుతోంది. ఎందుకు మానేసిందో తర్వాత రాస్తాను. నువ్వూ, నీతో ఓడలో ఉన్న ఇరవై రెండు మందీ ఆరోగ్యంగా ఉన్నారని తలుస్తాను.

కొరియాలో బుసాన్ రేవులో దిగిన మీ వంటాయన విశాఖ చేరిన మర్నాడే నీ ఉత్తరం మనిషికిచ్చి పంపాడు. ఈ జవాబు కె.కోటపాడు దాసు తెస్తున్నాడు. వచ్చే వారం సింగపూర్‌లో మీ ఓడకే ఫిట్టరుగా ఎక్కుతున్నాడట. దిగేవాళ్ల చేతికి నీ ఉత్తరం, ఎక్కేవాళ్ల చేతికి నా జవాబు అనే మన పద్ధతి ఈ నాలుగేళ్లలో ఒక్కసారీ తప్పలేదు. "ఫోనుండగా ఈ కాయితాలేటి బాబూ?" అని దాసు నవ్వాడు. ఫోనులో మీ అమ్మ ఉంటుంది, మనకు మాట దక్కదు. అదీకాక ఈసారి నేను చెప్పవలసినది ఫోనులో చెప్పగలిగేది కాదు.

ముందు నీ ప్రశ్నలకు జవాబులు. నువ్వు నాలుగు అడిగావు.

నా మోకాలు ఎప్పటిలాగే ఉంది. దేవరాపల్లిలో ఒకాయన నూనె ఇచ్చాడు, వాసన ఉంది, గుణం లేదు.

ఆ దక్షిణ చైనా సముద్రం ఎవరిదని మీ డెక్కు మేస్త్రీ, ఆ ఫిలిప్పీన్స్ బోసన్, అడిగాడన్నావు. పటం ఎవరు గీస్తే వాళ్లది అని చెప్పు. చైనా తన పటంలో తాను గీతలు గీసుకుంది. ఆ గీతలకు చట్టంలో ఆధారం లేదని హేగ్‌లో కూర్చున్న అంతర్జాతీయ పంచాయతీ పెద్దలు తీర్పు రాశారు. తీర్పు కాగితాల్లో ఉంది, పడవలు నీళ్లలో ఉన్నాయి. మీ బోసన్ తమ్ముడు చేపలు పట్టుకోవాల్సింది నీళ్లలోనే కాబట్టి అతనికి ఈ జవాబు నచ్చకపోవచ్చు.

అమెరికా ఆ వైపు ఇంకా ఎంతకాలం ఉంటుందని బుసాన్ రేవులో మీ ఓడ ఏజెంటు బెంగపడ్డాడన్నావు. ముప్ఫై ఏళ్ల క్రితం ఆ తీరాల్లో ఎవరికి కష్టమొచ్చినా వాషింగ్టన్ వైపు చూసేవారు. ఇప్పుడు ఒక కన్ను అటు, రెండో కన్ను బీజింగ్ వైపు. జపాన్ ఆయుధాలు పెంచుకుంటోంది. ఆస్ట్రేలియా జలాంతర్గాములు కావాలని కూర్చుంది. మన మండలమంత జనాభా కూడా లేని పసిఫిక్ దీవులకు, రేవు కట్టిస్తామని ఒకరూ, రోడ్డు వేయిస్తామని ఒకరూ పెద్దలు పోటీపడి వస్తున్నారు. మన ఢిల్లీ అందరి పంక్తిలోనూ కూర్చుంటుంది, ఎవరి విస్తరిలోనూ చెయ్యి పెట్టదు. ఇక నాయకులంటావా, ఒక దేశంలో ఏడాదికొకరు మారుతున్నారు, పక్క దేశంలో మారడమే లేదు. మారేవాడికి దిగిపోయేలోగా ఏదో చేసి చూపించాలని తొందర. మారనివాడికి ముసలితనం వచ్చేలోగా చేసి చూపించాలని తొందర. మీ ఏజెంటును భయపడమనే చెప్పు, కానీ అన్నం మానొద్దని చెప్పు.

ఇదంతా నేను ఇప్పుడు కనిపెట్టింది కాదు. ముప్ఫై ఏళ్ల క్రితమే రాశాను. పదకొండు వ్యాసాలు. పదకొండూ "స్థలాభావం వల్ల" అన్న చీటీతో తిరిగొచ్చాయి. స్థలం లేని ఆ పేపర్లో అదే వారం ఒక సినిమా నటి పెళ్లిచీర గురించి అరపేజీ వేశారు, ఆ కాగితమూ దాచాను. ఆనాటి సంపాదకుడే ఇప్పుడు టీవీలో టై కట్టుకుని కూర్చుని చైనా గురించి నా మాటలే నాకు చెబుతున్నాడు. నేను బైండు చేయించిన పత్రికలు పదేళ్లవి పాత కాగితాలవాడికి తూకానికి వేసిన గ్రంథాలయ పెద్దమనిషి ఒకాయన ఉన్నాడు, నీకు తెలుసు. ఆయన పేరు రాయను. రాస్తే ఇంకో కాగితం మీద బతుకుతాడు. ఆడపిల్లను సముద్రం మీదికి పంపుతావా అని మీ పెద్దమావయ్య పదిమందిలో అన్నమాట మాత్రం మర్చిపోలేదు. నువ్వు థర్డ్ మేట్ హోదాలో ఓడ ఆఫీసరువయ్యాక ఆయనే తన మనవడికి ఓడలో ఉద్యోగం చూడమని వచ్చాడు. కాఫీ ఇచ్చి పంపాను. కాఫీ మాత్రమే.

నాలుగో ప్రశ్నకు చివర వస్తాను. దాన్ని తప్పించుకోవాలనే ఇంతసేపూ ఊళ్లోవాళ్లందరినీ తిట్టానని నీకీపాటికి అర్థమై ఉంటుంది.

బడేసాహెబ్ బెల్లం కొట్టు ముందున్న నల్లబోర్డు సంగతి నీకు తెలిసిందే. పై సగంలో అనకాపల్లి మార్కెట్లో ఒకటో రకం, రెండో రకం బెల్లం ధరలు ఆయన రాస్తాడు. కింది సగంలో నేను రిటైరైన నాటి నుంచి ప్రపంచ వార్తలు రాస్తున్నాను. ఈ మధ్య ఆ బోర్డు మీద జరిగినది నీకెవరూ చెప్పలేదు. నేనే వద్దన్నాను.

కిందటి వేసవిలో ఒక ఉదయం నేను సుద్దముక్కతో తైవాన్ గురించి రాస్తుంటే నేవీ బంగార్రాజు వెనక నిలబడ్డాడు. ఇరవై ఏళ్లు యుద్ధనౌకలో రేడియో దగ్గర కూర్చుని వచ్చిన మనిషి, పుస్తకం ముట్టడు, అయినా సముద్రం గురించి నాకు ఎదురు చెబుతాడు.

"మేస్టారూ, వచ్చే ఏడు యుద్ధం, వచ్చే ఏడు యుద్ధం అని ఎన్నేళ్లనుంచి రాత్తన్నారు? సుద్దతో రాత్తారు, మర్నాడు తుడిసేత్తారు. దమ్ముంటే సెరిగిపోకుండా రాయండి, సూద్దాం."

పదిమంది నవ్వారు. నేను తిన్నగా వెళ్లి పసుపు ఎనామెల్ పెయింటు డబ్బా, బ్రష్షూ కొనుక్కొచ్చి బోర్డు అడుగున రాశాను: "ఈ సంవత్సరం ముగిసేలోగా తైవాన్ జలసంధిలో యుద్ధం తప్పదు. హరిబాబు, రిటైర్డ్ లైబ్రేరియన్."

బడేసాహెబ్ గల్లాపెట్టె దగ్గర్నుంచి పరుగెత్తుకొచ్చాడు. "అయ్యో మేస్టారూ, యుద్ధం వొచ్చినా రాకపోయినా నా బోర్డు పాడైపోయింది కదా!"

ఎనిమిది నెలలు ఆ పసుపు అక్షరాలు ఊరంతా చదివింది. రోలుగుంట నుంచి బెల్లం తెచ్చే బళ్లవాళ్లు కూడా "యుద్ధం ఎప్పుడండీ?" అని అడిగేవారు, బస్సెప్పుడని అడిగినట్టు. ఏడాది ఇంకా మూడు రోజులు ఉందనగా, తైవాన్ దీవి చుట్టూ చైనా యుద్ధవిన్యాసాలు మొదలెట్టిందని వార్త వచ్చింది. అసలు తుపాకులే పేలుస్తున్నారట.

సంధ్యా, నేను సంతోషించాను. ఇది నేను దాచవలసిన మాట, కానీ దాచను. అరకిలో మైసూరుపాక్ కొని బెల్లం కొట్టు దగ్గర అందరికీ పంచాను. "చెప్పానా, చెప్పానా?" అంటూ పంచాను. మొదటి ముక్క బంగార్రాజు చేతిలో పెట్టాను. అతను నోట్లో వేసుకోలేదు.

"మన సంధ్య ఓడ ఎక్కడుంది మేస్టారూ?" అన్నాడు.

నాకు తెలుసు. మీ ఓడ ఆ దీవి రేవుకే వెళుతోందని నాకు తెలుసు. తెలిసీ మైసూరుపాక్ కొన్నాను. మనిషి బుర్రలో రెండు గదులుంటాయని, ఒక గదిలో ఉన్నది ఇంకో గదికి తెలియకుండా బతకవచ్చని ఆ క్షణం వరకూ నాకు తెలియదు.

ఇంటికొచ్చి ఫోన్ చేస్తే నువ్వు పలకలేదు. మర్నాడూ లేదు. ముంబయిలో మీ కంపెనీవాడు "ఆల్ వెల్ సర్, వెసెల్ సేఫ్" అని నాలుగుసార్లు ఒకే గొంతుతో చెప్పాడు. రెండు రోజుల్లో విన్యాసాలు ముగిశాయని పేపర్లో వచ్చింది. నేను నమ్మలేదు. పేపర్లో అబద్ధం ఎక్కడుందో వెతకడం నలభై ఏళ్లు సాధన చేశాను. ఒక మంచి మాట నమ్మవలసి వచ్చేసరికి ఎలా నమ్మాలో తెలియలేదు.

మిఠాయి సంగతి పంచిన రోజు సాయంత్రానికే మీ అమ్మ చెవిన పడింది. వంటింట్లోంచి వచ్చి నా ఎదురుగా నిలబడింది.

"ఊరందరికీ పంచీసేరట. నాకొక్క ముక్క పెట్టలేదేటండీ?"

అంతే. తర్వాత తొమ్మిది రోజులు నాతో మాట లేదు. కంచం పెట్టేది, తీసేది.

ఆ తొమ్మిది రోజులూ పొద్దున్నే గుమ్మంలోకి వచ్చినవాడు ఎవరనుకున్నావు? బంగార్రాజు. ఓడలు ఎక్కడున్నాయో చుక్కల్లా చూపించే యాప్ ఒకటి అతని ఫోనులో ఉంది. మీ చుక్క ఇరవై ఎనిమిదో తారీకున మాయమైంది.

"సుక్క పోయిందంటే ఓడ పోయినట్టు కాదు మేస్టారూ. ఒడ్డుకి దూరంగా ఎళ్తే ఈ ఫ్రీ యాప్ సూపించదు. కెప్టెన్ బుర్రున్నోడైతే తూరుపేపు తిప్పేసుంటాడు. నేనైనా అలాగే సేద్దును." నా పేపరు అంచు మీద పెన్నుతో దీవి గీసి, దానికి తూర్పుగా దారి గీశాడు. మీ అమ్మ వంటింటి తలుపు దగ్గర నిలబడి వినేది. "మళ్లీ సెప్పు బాబూ, తూరుపంటే ఎంత దూరం?" అనేది. అతను మళ్లీ మొదటినుంచి చెప్పేవాడు. రోజూ అదే గీత గీసేవాడు. నా షెల్ఫులో ఆ సముద్రం మీద ఉన్న పుస్తకాలన్నీ కలిపినా ఆ ఇంకు గీతంత ధైర్యం ఇవ్వలేదు.

జనవరి ఒకటిన కూడా వచ్చాడు. ఏడాది ముగిసింది, యుద్ధం రాలేదు, నేను ఓడిపోయాను. ఊరందరి ముందూ నా పరువు తీయడానికి అతనికి హక్కుంది. బోర్డు ఊసే ఎత్తలేదు. నవ్వినా బాగుండేది. ఇన్నేళ్లుగా ఆ మనిషికి నేను పెట్టిన పేర్లన్నీ గుర్తొచ్చాయి.

పదో రోజు నీ ఫోను వచ్చింది. ఓడలో ఫోను యాంటెన్నా పాడైందన్నావు, తూర్పుగా చుట్టి బుసాన్ చేరామన్నావు. "ఒసే గుంటా, సచ్చిపోయేనే నేను!" అని మీ అమ్మ ఏడుస్తూ తిట్టింది. ఫోను నా చేతికిచ్చాక "భోంచేశావా?" అని మాత్రమే అనగలిగాను. అప్పుడు మీ గడియారంలో ఎంతయిందో కూడా చూడలేదు.

వెంటనే బెల్లం కొట్టుకు నడిచాను. మోకాలు గుర్తు రాలేదు. "చేరింది" అన్నాను. బంగార్రాజు బెల్లం దిమ్మల బస్తా మీద కూలబడి కళ్లజోడు తీసి తుడుచుకున్నాడు.

"నేను ఓడిపోయాను బంగార్రాజూ."

"పోతే పోయేరు. మళ్లీ సెప్పండి, ఎక్కడికి సేరింది?"

ఓడిపోయానన్న మాట నా నోట రావడం అదే మొదటిసారి. చెరకురసం తాగినట్టుంది, చెబితే నమ్మవు.

ఇక నీ నాలుగో ప్రశ్న. దాని ఎదురుగా కూర్చుని మూడు రోజులైంది.

డిసెంబర్లో సింగపూర్ నుంచి ఫోన్ చేసి, "నాన్నా, ఇక్కడ దిగిపోవచ్చు, లేదా రెండు నెలలు పొడిగించుకోవచ్చు. పొడిగిస్తే పై హోదా పరీక్షకు కావలసిన సర్వీసు పూర్తవుతుంది, కానీ ఓడ తైవాన్ వెళుతోంది. నువ్వు అన్నీ చదువుతావు కదా, ఏమంటావు?" అని అడిగావు. "ఏమీ జరగదు, ఉండు" అన్నాను. ఇప్పుడు ఉత్తరంలో రాశావు: "అంత గట్టిగా ఎలా చెప్పగలిగావు నాన్నా? సెకండ్ మేట్ భార్యకు నెలలు నిండుతున్నాయని దిగిపోదామనుకున్నాడు. మా నాన్న ఏమీ జరగదన్నాడని నేను చెబితే ఆగాడు. మెస్సులో నిన్ను ప్రొఫెసర్ అంటున్నారు."

నిజం రాస్తాను. నువ్వు ఫోన్ చేసిన నాటికి ఆ పసుపు అక్షరాలు బోర్డు మీద ఉన్నాయి. యుద్ధం తప్పదని ఊరికి చెప్పాను, ఏమీ జరగదని నీకు చెప్పాను. ఒకే నోటితో. రెండింట్లో ఏది నిజమో నాకు తెలియదు. ఊరికి చెప్పింది కోపంతో చెప్పాను. పదకొండు చీటీలకు జవాబుగా ఎక్కడో ఒక యుద్ధం వచ్చి నా పక్షాన సాక్ష్యం చెప్పాలనుకున్నాను. నీకు చెప్పింది ఎందుకు చెప్పానంటే, జీవితంలో మొదటిసారి ఒక మనిషి నా మాట మీద ఒక పని చేయబోతోంది. తెలియదు అనడానికి సిగ్గేసింది. యుద్ధం అనడానికి నోరు రాలేదు. ఊరితో ఎంతో తేలిగ్గా అన్న మాట కన్నకూతురితో అనలేకపోయాను.

అలా నీ ప్రాణమూ, ఆ సెకండ్ మేట్ ప్రాణమూ నా సిగ్గు మీద పెట్టాను. అతనికి ఈ ఉత్తరం చదివి వినిపించు. క్షమించకపోయినా తప్పులేదు. నీకూ అదే మాట.

నువ్వు రాసినదాంట్లో ఒక్క వాక్యం నేను పదేపదే చదువుతున్నాను. విన్యాసాల వార్త వచ్చిన రోజు మీ ఫిలిప్పీన్స్ బోసనూ, చైనా సెకండ్ ఇంజనీరూ మెస్సులో ఎదురెదురుగా కూర్చుని వంటాయనకు వెల్లుల్లి ఒలిచి పెట్టారన్నావు. నా పదకొండు వ్యాసాల్లో ఆ ఇద్దరూ లేరు. స్థలాభావం నా వ్యాసాల్లోనే ఉంది.

మొన్న బ్లేడు పట్టుకుని బోర్డు గీకడానికి వెళ్లాను. ఎనామెల్ కదా, ఊడలేదు. బంగార్రాజు టర్పెంటైన్ సీసాతో వచ్చాడు. ఇద్దరం పొద్దంతా రుద్దాం. నా పేరే అన్నిటికంటే ఆలస్యంగా పోయింది. నిన్న బడేసాహెబ్ బెల్లం ధరలు రాశాక, కింద సుద్దతో రాశాను: "ఆ సముద్రంలో రేపేమవుతుందో ఈ బోర్డుకు తెలియదు." బంగార్రాజు చదివి తలూపాడు. "ఇన్నేళ్లకి ఒకటి కరెక్టుగా రాసేరు మేస్టారూ."

దాసుతో ఒకటో రకం బెల్లం నాలుగు దిమ్మలు పంపుతున్నాను. డబ్బు ఇవ్వబోతే బడేసాహెబ్ కోప్పడ్డాడు. ఒకటి సెకండ్ మేట్ ఇంటికి, ఈపాటికి పుట్టి ఉండే బిడ్డ కోసం. ఒకటి ఆ వెల్లుల్లి ఒలిచిన ఇద్దరికీ చెరిసగం. ఒకటి నీకు. నాలుగోది కొత్త వంటాయనకు, మొహమాటానికి.

ఎనిమిది నుంచి పన్నెండు దాకా ఓడ దారి చూసే కాపలా నీదే కదా. ఇకమీదట నువ్వు నన్ను అడగొద్దు. కళ్లతో చూసేదానివి నువ్వు, నేను చదివేవాణ్ణి. ఏం కనిపిస్తోందో నువ్వు రాయి, నేను బోర్డు మీద ఎక్కిస్తాను. సుద్దతో.

మీ అమ్మ పక్కన నిలబడి, "మైసూరుపాక్ సంగతి కూడా రాసేరా?" అని అడుగుతోంది. రాశానని చెప్పాను. ఇవాళ ఆవిడ కోసం ఒక ముక్క తేవాలి.

ఇట్లు,
ఊరందరి ముందూ ఓడిపోయి, హాయిగా నిద్రపోతున్న
మీ నాన్న.