కాలు విరిగాకే పడింది

విశాఖపట్నం,
జూలై మొదటి వారం

ప్రియమైన తమ్ముడు ఫల్గుణకి,

అక్క రత్న ఆశీస్సులు. మన కుసుమగూడకి సెల్ టవర్ వస్తుందని నువ్వు బడిలో మాస్టారుగా చేరినప్పటి నుంచీ వింటున్నాను. అది వచ్చేలోగా నా చేతిరాత బాగుపడేలా ఉంది. ఈ ఉత్తరం ధనుంజయ్ జీపులో గుమ్మలక్ష్మీపురం సంతకి వస్తుంది. మనిషి మంచివాడే గానీ, ఏదిచ్చినా జేబులో పెట్టుకుని మర్చిపోతాడు. అడిగి తీసుకో.

నా ఉద్యోగం ఏమిటని అమ్మ మళ్లీ అడిగిందన్నావు. ఇలా చెప్పు. దూరదేశపు డాక్టర్లు రోగుల గురించి రాసినవన్నీ మా కంప్యూటర్లలోకి వస్తాయి. ఒక్కో జబ్బుకి ఒక్కో కోడ్ ఉంటుంది. చదివి ఆ కోడ్ వేయడమే నా పని. ఈ నెల ఎముకల కేసులు ఇచ్చారు. ఎముక విరిగిందంటే సరిపోదు, ఎందుకు విరిగిందో తేలాలి. పడి విరిగితే ఎస్ అక్షరంతో మొదలయ్యే కోడ్. క్యాన్సర్ పాకి, ఎముక గుల్లయి, దానంతటది విరిగితే ఎం అక్షరం. డాక్టరు రాయనిది మేము ఊహించి వేయకూడదు. అనుమానం వస్తే ఆయనకే ప్రశ్న పంపాలి. ఆ ప్రశ్నలో జవాబు ఇరికించకూడదు.

మొదట్లో తమాషాగానే ఉండేది. ఇప్పుడు ఎం వేసిన ప్రతిసారీ మనసు పాడవుతోంది. మాకు పేర్లు కనబడవు, వయసు ఒక్కటే కనబడుతుంది. ఎక్కువమంది అమ్మ ఈడు వాళ్లే.

అమ్మ నడుం నొప్పి ఎలా ఉంది? కొండ మీద కలుపుకి వెళ్లనివ్వకు. చెబితే వినే రకం కాదని తెలుసు. అయినా అరిచైనా ఆపు.

నీ అక్క,
రత్న


కుసుమగూడ,
ఆగస్టు

అక్కకి నమస్కారాలు.

కంగారుపడకు అని మొదలుపెడితే నువ్వు ముందే కంగారుపడతావు. అందుకని నేరుగా రాస్తున్నాను. అమ్మ తొడ ఎముక విరిగింది. గెడ్డ నీళ్ల ఒడ్డున కట్టెల మోపుతో రాయి మీద నుంచి జారి పడింది. అప్పుడు పక్కన ఎవరూ లేరు. డోలీ కట్టి కిందికి మోసుకొచ్చాం. పార్వతీపురంలో ఒక ఆసుపత్రిలో తొడ లోపల రాడ్ వేశారు. ఎలా జరిగిందని డాక్టరు అడిగితే పడిందని చెప్పాం, ఆయన రాసుకున్నారు. ఇప్పుడు ఇంటికి తెచ్చేశాం. వానలకి దారి కొట్టుకుపోయింది, నువ్వు రావద్దు.

ఊరు బాగోలేదక్కా. మన మల్లేశు కొడుకు జ్వరంతో పోయాడు. చిన్నవాడు, నా బడిలోనే రెండో తరగతి. మల్లేశు ఏడవడు, తినడు, ఊరికే అరుగు మీద కూర్చుని ఉంటాడు. ఎవరో చిల్లంగి పెట్టారని, అంటే చేతబడి చేశారని, జనం గొణుగుతున్నారు. అలాంటి మాట ఒకసారి పుట్టిందంటే, తిరిగి తిరిగి మొగుడూ పిల్లలూ లేని ఆడదాని గుమ్మంలోనే ఆగుతుంది. అందరూ యర్రమ్మత్త ఇంటివైపే చూస్తున్నారు. పిల్లలు కూడా ఆ ఇంటి ముందు నుంచి రావడం మానేసి, చుట్టు తిరిగి బడికి వస్తున్నారు.

ఉంటాను.
ఫల్గుణ


విశాఖపట్నం,
ఆగస్టు చివర

ఒరే ఫల్గుణా,

నీ ఉత్తరం చదివి ఏడ్చాను. తర్వాత నిన్ను తిట్టాను. ఆ తర్వాత సెలవు అడిగి లేదనిపించుకున్నాను.

ఒక్క సంగతి అడుగుతాను, ముక్కు మీదికి కోపం తెచ్చుకోకు. అమ్మ ఎంత ఎత్తు నుంచి పడింది? పడకముందు ఆ కాలు నొప్పి అనేదా? డాక్టర్లకి పంపినట్టే నీకూ ప్రశ్న పంపుతున్నాను అనుకో. చింతచెట్టు మీద నుంచి పడి, చీర దులుపుకుని వచ్చి వంట చేసిన మనిషి మన అమ్మ. అలాంటి మనిషికి తొడ విరగడమా? ఈ పని చేసి చేసి నాకు అన్నిట్లోనూ జబ్బే కనబడుతోందేమో. గట్టి దెబ్బే తగిలిందని ఒక్క ముక్క రాయి. ఆ పూట కడుపునిండా తింటాను.

యర్రమ్మత్తని కనిపెట్టుకుని ఉండు. మనిద్దరికీ బొడ్డు కోసిన చెయ్యి అది.

నీ పిచ్చి అక్క,
రత్న


కుసుమగూడ,
సెప్టెంబరు

అక్కకి,

గట్టి దెబ్బే. రాయి నిలువెత్తు ఉంది. మోపు బరువు. ముందు నొప్పి ఏమీ లేదు. చాలా?

నీ కంపెనీ ప్రశ్నలు కంపెనీలోనే పెట్టుకో. ఇక్కడ పక్క మార్చినా అమ్మ అరుస్తోంది. అన్నం ముట్టడం లేదు. దారి పడ్డాక విశాఖ తీసుకొస్తాను. అప్పుడు నీ కళ్లతో నువ్వే చూసుకుందువు.

ఫల్గుణ


విశాఖపట్నం,
నవంబరు

ప్రియమైన తమ్ముడికి,

అమ్మని ధనుంజయ్ జీపులో పరుపు వేసి పంపుతున్నాను. ఈ ఉత్తరం ఈసారి అతని జేబులో కాదు, అమ్మ తలగడ కింద పెట్టాను.

నువ్వు అమ్మని ఇక్కడ దింపి బడి కోసం వెనక్కి వెళ్లిన మర్నాడు, స్నానం చేయిస్తుంటే రొమ్ములో గడ్డ నా చేతికి తగిలింది. నిమ్మకాయంత ఉంది. "ఎన్నాళ్ల నుంచే అమ్మా?" అంటే, "ఏటో లేయే, నొప్పెట్టదు కదా" అంది. పెద్దాసుపత్రిలో అన్ని పరీక్షలూ చేశారు. క్యాన్సర్ అక్కడ మొదలై తొడకి, వెన్నుకి, కాలేయానికి పాకిపోయింది. కాలు విరిగిన రోజుల్లోనే వచ్చి ఉంటే మందులతో కొన్నేళ్లు నిలబెట్టేవాళ్లమని డాక్టరమ్మ అన్నారు. ఇప్పుడు నొప్పి తెలియకుండా చూసుకోవడం తప్ప ఏమీ లేదట. రోజూ నేను వేసే కోడే తమ్ముడూ. దాని పక్కన మొదటిసారి నాకు తెలిసిన పేరు కనబడింది.

ఆ రోజు అమ్మ దగ్గర కూర్చుని నిజం చెప్పమన్నాను. చెప్పింది.

"ఒలే గుంటా, నాను గెడ్డకాడ పళ్లేదే. యర్రమ్మ వాకిట్లో నిలబడి మాటాడతంటే కాలు పుటుక్కుమంది. ఇరిగినాకే పడ్డాను. ఆ మాట ఊర్లో సెప్తే ఏటవుద్ది? యర్రమ్మని బతకనిత్తారేటి? అందుకే నీ తమ్ముడి సేత ఒట్టేయించుకున్నాను. డాకటేరుకీ సెప్పొద్దన్నాను. ఆయన కాడున్న ఆయాది మనూరే కదా."

అమ్మ మీద అరిచాను. జబ్బు మనిషి మీద, వార్డులో, అందరి ముందూ. అమ్మ నా చెయ్యి నిమిరింది. నీ మీద కూడా చెప్పలేనంత కోపం వచ్చింది. తర్వాత ఆలోచిస్తే, పడిందంటే చాలు, జబ్బు కాదంటే చాలు అని నేనూ ఆ మాటే పట్టుకుని వేలాడాను. ఎవరిని అనేది?

ఇక దాచకు. అమ్మ చిక్కి సగమై వస్తోంది, చూసినవాళ్ల నోళ్లు ఊరుకోవు. ఇది క్యాన్సర్ అని, ఎవరూ పెట్టింది కాదని ఊరందరి ముందూ చెప్పు. నువ్వు మాస్టారివి, నీ మాట వింటారు. నొప్పి మాత్రలకి పెద్ద డాక్టరు సంతకం కావాలట, ఆయన ఊళ్లో లేరు. అవి చేతికి రాగానే బయల్దేరతాను.

నీ అక్క,
రత్న


కుసుమగూడ,
నవంబరు చివర

అక్కకి,

నువ్వు చెప్పినట్టే చేశాను. అమ్మ వచ్చిన మర్నాడే ఊరంతా మన వాకిట్లో చేరారు. బడిలో నల్లబల్ల మోసుకొచ్చి, ఎముక బొమ్మ గీసి, పురుగు తొలిచిన వెదురు ఎలా విరుగుతుందో అలా విరిగిందని చెప్పాను. కాలు విరిగింది యర్రమ్మత్త వాకిట్లోనే అని కూడా చెప్పేశాను. అందరూ నెమ్మదిగానే విన్నారు. అప్పుడు మల్లేశు లేచాడు.

"మాస్టారూ, అంతా బాగా సెప్పినావు. మరా కేన్సరు ఎవులెట్టినారు?"

ఎవరికి వస్తుందో, ఎందుకు వస్తుందో నేనేం చెప్పగలను? మల్లేశు తలపాగా బిగించి యర్రమ్మత్త ఇంటివైపు తిరిగాడు. వెనక నలుగురు కదిలారు.

లోపలి నుంచి అమ్మ పిలిచింది. "ఒరే, నా మంచం ఎత్తండ్రా. యర్రమ్మ వాకిట్లో దింపండి."

నేనూ ధనుంజయ్ ఎత్తాం. అడుగు అడుగుకీ అమ్మ కొంగు నోట్లో కుక్కుకుంది గానీ మూలగలేదు. జనం మా వెంటే వచ్చారు. యర్రమ్మత్త లోపల గడియ పెట్టుకుని ఉంది. అమ్మ గొంతు విని తీసింది.

"యర్రమ్మా, ఆకలేత్తంది. ఏటుంటే అది ఎట్టు. నీ సేత్తోనే ఎట్టు."

చిల్లంగి పెడుతుందని పేరు పడ్డ చేతి తిండి మన ఊళ్లో చంపినా తినరు, నీకు తెలుసు కదా. యర్రమ్మత్త చోడంబలి తెచ్చి అమ్మ నోటికి అందించింది. మల్లేశుని చూస్తూనే అమ్మ గిన్నె ఖాళీ చేసింది.

"నన్ను తినేసింది ఇదే అయితే, దీని సేతి కూడు నాను తింతానేట్రా? నీ గుంటడిని నానూ ఎత్తుకుని పెంచినాను. పోయినోడి కోసం ఏడువు, మల్లేశూ. ఇంకోల్ని సంపితే ఆడు తిరిగిరాడు."

మల్లేశు అక్కడే కూలబడ్డాడు. కొడుకు పోయాక వాడు ఏడవడం అదే మొదలు.

జనం వెళ్లాక అమ్మ తాగిందంతా కక్కేసింది. యర్రమ్మత్త అమ్మ తల పట్టుకుంది. ఇంటికి వెళ్దామంటే అమ్మ రానంది. మంచం యర్రమ్మత్త వాకిట్లోనే ఉండాలంది.

"ఇప్పుడు నాను పోతే యర్రమ్మ అంబలే సంపిందంటారు. మల్లొచ్చే సంత దాకా బతికుండాల. అందరికీ కనబడాల."

రోజూ పొద్దున్నే జనం కొండకి వెళ్తూ వాకిట్లో ఆగి, అమ్మ గుండె మీద దుప్పటి కదులుతోందో లేదో చూసి పోతున్నారు. అమ్మ కళ్లు తెరిచి ఒక్కొక్కరినీ పేరు పెట్టి పలకరిస్తోంది. వాళ్లు అటు తిరగ్గానే కొంగు నోట్లో కుక్కుకుంటోంది. సంతకి ఇంకా రోజులున్నాయి. సంతకం దొరికినా దొరక్కపోయినా, ఎవరి కాళ్లయినా పట్టుకుని ఆ మాత్రలు తెచ్చెయ్. బేగి రా అక్కా.

నీ తమ్ముడు,
ఫల్గుణ