డాక్టరే అన్నావు కదా, అన్నయ్యా

అన్నయ్యా,

నువ్వు పోయి ఈ శుక్రవారానికి ఏడాది. పొద్దున ఈ ఎడారి దేశంలోని మెసైమీర్ చర్చిలో నీ పేరున ప్రార్థన చేయించి, అల్ ఘర్రాఫాలో నేనుండే గదికి వచ్చాను. బయట దుమ్ముగాలి. నువ్వు ఏళ్ల తరబడి వెతికిన ఆ పాత బ్రిటిష్ డిటెక్టివ్ సినిమా నాకు దొరికింది. నాతో ఉండే నిజామాబాద్ అమ్మాయి లత, నేను కలిసి చూశాం.

నలుపు తెలుపు బొమ్మ. పొగమంచులో ఒక బంగళా, చీకటి మెట్ల మీద ఎవరివో అడుగుల చప్పుడు. లత దుప్పటి ముఖం మీదికి లాక్కుంది.

“అక్కా, ఎవలు సంపిండ్రో జెర చెప్పరాదె. నాకు భయమైతుంది.”

“డాక్టర్. ఈ సినిమా ఒక నవల నుంచి తీసిందే. మా అన్నయ్య ఆ నవల చదివి నాకెప్పుడో చెప్పేశాడు,” అన్నాను ధీమాగా. నేను జడుసుకుంటానని ప్రతి కథలోనూ హంతకుడెవరో ముందే చెప్పేసేవాడివి కదా.

అంతలో కర్టెన్ వెనకనుంచి రెండు చేతులు వచ్చి డాక్టర్ గొంతు నులిమేశాయి.

“డాక్టరే సచ్చిండు గదక్కా! మరి సంపెటోడు ఎవడు?”

సినిమావాళ్లు కథ మార్చేశారు. గాలికి తలుపు కొట్టుకుంటే ఇద్దరం కెవ్వుమన్నాం. నిన్ను అడుగుదామని ఫోన్ తీశాను. తీశాకే గుర్తొచ్చింది.

ఆపేయమని లత బతిమాలింది. నేను ఆపలేదు. ఆమె చెయ్యి గట్టిగా పట్టుకుని చివరిదాకా చూశాను.

సినిమాలో హంతకుడు తోటమాలి, అన్నయ్యా. నీకు తెలియదు కదా, అందుకే రాస్తున్నాను.

నీ చెల్లి,
రూతు